జంట మొక్కల పంట: టొమాటిల్లో

చిన్నతనమున పొలము గట్లమీద తిరిగినవారికి కుప్పంటి మొక్కను గూర్చి వేరుగ చెప్పనక్కరలేదు. కొన్ని సీమలలో దానిని బుడ్డకాశ యని పిలుతురు. ఆకుల చాటున, అన్నివైపుల మూసిన చిన్న కాగితపు లాంతరులవలె, పలుచని తొడుగులు వ్రేలాడుచుండును. మేము పిల్లలముగా నున్నప్పుడు ఆ తొడుగును నుదుటిమీద కొట్టుకొని "టప్పు"మని పేల్చి, లోపలనున్న చిన్న పండును నోట వేసికొనెడివారము. దానిని ఎవరును విత్తరు, ఎవరును నీరు పోయరు. ఐనను వానలు పడగానే తనంత తాను మొలచి, గట్టుమీద ఒంటరిగా నిలిచి, నిండుగా కాచును.

ఆ కుప్పంటికి అమెరికా ఖండమున ఒక పెద్దక్క కలదు. దాని పేరు టొమాటిల్లో. ఈనాటి ప్రసంగము దానిని గురించియే. తొడుగు అదే తీరు, పూవు అదే పోలిక. కాయ మాత్రము చిన్న నిమ్మకాయంత పెరుగును. పచ్చగా, గట్టిగా, నోరూరునట్లు పుల్లగా ఉండును. దీని పెంపకములో పెద్ద కష్టమేమియు లేదు. కాని తెలిసికొనవలసిన మర్మమొకటి కలదు. అది తెలియనివారు వేసవి యంతయు నీరు పోసి, పూత చూచి మురిసి, తుదకు ఒక్క కాయయైనను కోయకయే మొక్కను పెరికివేయుదురు. ఆ మర్మమును నేను మా అమ్మాయి పెరటిలో కన్నులార చూచితిని. ఆ ముచ్చట చెప్పుటకు ముందు ఈ మొక్క పుట్టుపూర్వోత్తరములను కొంచెము మనవి చేయుదును.

టొమాటిల్లోకు పుట్టిల్లు మెక్సికో, దానిని ఆనుకొనియున్న మధ్య అమెరికా ప్రాంతము. అచటి రైతులు మొక్కజొన్న, చిక్కుడు, గుమ్మడి మూడింటిని ఒకే చేనిలో కలిపి పండించుట తరతరముల ఆచారము. అట్టి చేనిని మిల్పా యందురు. ఆ చేలలో టొమాటిల్లో తనంత తాను మొలచుచుండును. రైతు దానిని కలుపుతో పాటు పీకివేయక అక్కడక్కడ ఉండనిచ్చును. ఈనాటికిని ఆ దేశమున అది చేలలో విత్తని మొక్కగను, తోటలలో విత్తి పెంచెడి పంటగను రెండు విధముల కనబడును. పువేబ్లా రాష్ట్రములోని తెవాకాన్ లోయలో పురాతత్త్వజ్ఞులు త్రవ్విన చోట్ల ఈ జాతి అవశేషములు దొరకినవి. స్పానిష్ వారు ఆ దేశమునకు రాకముందు ఎన్నో శతాబ్దములనుండి అచటి ప్రజలు దీనిని తినుచున్నారని వాటివలన తెలియుచున్నది. ఇక ఈ కుటుంబపు ప్రాచీనత అంతకంటెను ఆశ్చర్యకరము. అర్జెంటీనా దేశపు పటగోనియా ప్రాంతమున శిలగా మారిన ఇట్టి తొడుగుకాయలు దొరకినవని 2017 సంవత్సరమున శాస్త్రజ్ఞులు ప్రకటించిరి. వాటి వయస్సు సుమారు 5 కోట్ల 20 లక్షల సంవత్సరములు.

దీని పేరు వెనుక ఒక చిత్రమైన కథ కలదు. మెక్సికో ప్రాచీన ప్రజల నావాత్ల్ భాషలో "తొమత్ల్" అను మాట గుండ్రని, రసము నిండిన కాయలకు పేరు. మనము టమాటా యనుకొనెడి ఎఱ్ఱని పండును వారు "షితొమత్ల్" అనిరి. 16వ శతాబ్దమున బెర్నార్దినో దె సాహగూన్ అను స్పానిష్ క్రైస్తవ సన్న్యాసి అచటి ప్రజల జీవనమును వర్ణించుచు కూర్చిన మహాగ్రంథములో, సంతలో కూర్చుండి రకరకముల తొమత్ల్ కాయలమ్మెడి వర్తకుల ప్రస్తావన కలదు. కాలక్రమమున ఆ మాట సముద్రములు దాటి, ఎఱ్ఱని పండుతో పాటు ప్రపంచమంతయు తిరిగి, మన ఇండ్లలో టమాటా యయినది. నడిమి మెక్సికోలో మాత్రము ఈనాటికిని "తొమాతె" యన్నచో తొడుగులోని ఈ పచ్చకాయయే, ఎఱ్ఱనిది "హితోమాతె". టొమాటిల్లో యనగా స్పానిష్ భాషలో చిన్న టమాటా యని అర్థము. వృక్షశాస్త్రమున దీని పేరు ఫైసాలిస్ ఫిలడెల్ఫికా. ఫైసాలిస్ అను పేరు గాలి నిండిన బుడ్డ అను అర్థముగల గ్రీకు మాటనుండి వచ్చినది. గ్రీకుభాషలో పేరు పెట్టినవారును, మన పల్లెలలో బుడ్డకాశ యన్నవారును ఒకే లక్షణమును చూచి పేరు పెట్టిరి గదా!

ఇక మా అమ్మాయి పెరటి సంగతి. ఆమె అమెరికాలోని న్యూజెర్సీ రాష్ట్రమున కాపురమున్నది. కొన్ని ఏండ్ల క్రిందట నేనొక వేసవి అచట గడిపితిని. ఆ దేశమున స్థిరపడిన తెలుగు కుటుంబములకు పుల్లని కూరగాయ దొరకినచో పండుగయే. లేత చింతకాయ దొరకదు. గోంగూర అన్ని ఋతువులలోను ఉండదు. అందుచేత అనేకులు టొమాటిల్లోను తెచ్చి పప్పులోను పచ్చడిలోను వాడుట అలవాటు చేసికొనిరి. మా అమ్మాయి ఒక అడుగు ముందుకు వేసి, మే నెల నడుమ మొక్కలంగడినుండి ఒక టొమాటిల్లో మొక్కను తెచ్చి పెరటిలో నాటినది. టమాటా మొక్క ఒక్కటియే గంపెడు కాయలు కాచును గనుక ఇదియు అట్లే కాచునని ఆమె తలంచినది. జూన్ చివరకు మొక్క నడుమెత్తు పెరిగి, కొమ్మ కొమ్మకు పూత పట్టినది. పసుపుపచ్చని చిన్న పూవులు, గొంతుకలో ముదురు మచ్చలు.

"అమ్మా, పూత చూశావా? నువ్వు వెళ్ళేలోగా నీ చేత పచ్చడి నూరించుకుంటాను" అని మా అమ్మాయి మురిసిపోయినది. నా తిరుగు ప్రయాణము సెప్టెంబరు చివర.

జూలై వచ్చినది. పూవులు విచ్చుచున్నవి, రాలుచున్నవి. ఒక్క బుడ్డయైనను నిలువలేదు. నీరు చాలలేదేమోయని నీరు పోసితిమి. బలము చాలలేదేమోయని ఎరువు వేసితిమి. ఆకులు ఇంకను దట్టమైనవి గాని కాయ రాలేదు. అంతట మా అల్లుడు, రెండు మొక్కలుండవలెనని ఎచటనో చదివి వచ్చినాడు. పొదుపరి గనుక రెండవ మొక్కను కొనలేదు. ఉన్న మొక్కనుండియే ఒక కొమ్మను త్రుంచి నీటిలో నుంచగా అది వారము పది దినములలో వేళ్ళు వేసినది. దానిని ప్రక్కనే నాటినాడు. అదియును పూసినది. రెండింటి పూవులును రాలినవి. "అత్తయ్యగారూ, ఇది మనకి కాసే జాతి కాదండీ. పీకేసి అక్కడ మెంతికూర చల్లుదాం" అన్నాడు.

ప్రక్క ఇంటిలో పువేబ్లానుండి వచ్చిన ఒక పెద్దావిడ ఉండెడిది. ఒకనాడు కంచె మీదుగా మా మొక్కలను చూచి, రెండవది ఎక్కడిదని అడిగినది. కొమ్మ నాటితిమని మా అమ్మాయి చెప్పగా ఆమె నవ్వి, తనకు వచ్చిన ఇంగ్లీషులో ఒక మాట అన్నది. దాని భావమిది: "ఇవి రెండు మొక్కలు కావమ్మా. ఒకటే మొక్క రెండు చోట్ల నిలబడింది." అని లోపలికి పోయి, తాను గింజనుండి పెంచిన ఒక పూత మొక్కను కుండీతో సహా తెచ్చి మా మొక్కల నడుమ పెట్టినది. అది జూలై చివరి వారము. పది దినములు తిరుగకముందే పూవు రాలిన చోట పూతొడిమలు నిలిచినవి. వాటి చివర చిట్టి లాంతరులు ఉబ్బసాగినవి.

ఆమె మాటలోని శాస్త్రమును ఇపుడు విచారింతము. టొమాటిల్లో పూవులో కేసరములును అండాశయమును రెండును కలవు. చూచుటకు తనకు తాను చాలినట్లే యుండును. కాని పుప్పొడి రేణువు కీలాగ్రముమీద పడి, గొట్టము సాచి, కీలము గుండ అండాశయమునకు దిగవలెను గదా. ఆ మార్గమున మొక్క ఒక పరీక్ష పెట్టును. వచ్చిన పుప్పొడి తనదే యని గుర్తించినచో దానిని దారిలోనే నిలిపివేయును. పరాయి మొక్క పుప్పొడినే లోనికి రానిచ్చును. దీనిని స్వీయ అననుకూలత యందురు. ఈ గుర్తింపు రెండు జన్యుస్థానములపై ఆధారపడియున్నదని కె. కె. పాండే అను శాస్త్రజ్ఞుడు 1957లో అమెరికన్ జర్నల్ ఆఫ్ బోటనీ యను పత్రికలో వివరించెను. కొమ్మను త్రుంచి నాటినచో ఆ జన్యువులు మారవు. కావున మొక్క దృష్టిలో ఆ కొమ్మ పుప్పొడియు తన పుప్పొడియే. అట్టి కొమ్మలు నూరు నాటినను ఫలితము సున్న. గింజనుండి పుట్టిన ప్రతి మొక్కయు వేరు వ్యక్తి గనుక, ఒకే పొట్లములోని రెండు గింజలైనను చాలును. తోబుట్టువులలో పోలికలు కలియుట కలదు గనుక రెండింటికి బదులు మూడు నాలుగు మొక్కలుండుట ఇంకను మేలు. టమాటాకుగాని, మన కుప్పంటికిగాని ఈ నియమము లేదు. అందుచేతనే కుప్పంటి గట్టుమీద ఒంటరిగా నిలిచియు కాయగలదు.

ఇక సాగు విషయము. మంచు కురియు దేశములలో కడపటి మంచు పోవుటకు ఆరు వారముల ముందు ఇంటిలోపల చిన్న కుండీలలో గింజలు చల్లవలెను. గింజపై అర సెంటీమీటరు మన్ను కప్పిన చాలును. మన్ను గోరువెచ్చగా, తడిగా ఉన్నచో ఒకటి రెండు వారములలో మొలకలు కనబడును. నారు జానెడెత్తు కాగానే వారము దినములు పగటిపూట ఆరుబయట నుంచి ఎండకు గాలికి అలవాటు చేసి, అటుపిమ్మట మడిలో నాటవలెను. నాటునపుడు క్రింది ఆకులవరకు కాండమును మన్నులో దింపవలెను. మన్నులోనున్న కాండము నుండియు వేళ్ళు పుట్టి మొక్క బలపడును.

స్థలము రోజుకు ఆరు గంటలకు తక్కువ గాకుండ ఎండ తగులునదై యుండవలెను. నేల నీరు నిలువనిదై యుండవలెను. చివికిన ఎరువును ముందుగానే మన్నులో కలుపుట మంచిది. అటు తరువాత నత్రజని ఎరువును ఎక్కువగా వేయరాదు. వేసినచో మా పెరటిలో జరిగినట్లు ఆకే పెరుగును. మొక్కకు మొక్కకు ఇంచుమించు 90 సెంటీమీటర్ల ఎడముండవలెను. ఈ మొక్క నిటారుగా పెరుగక నలువైపుల కొమ్మలు చాచి నేలమీద వ్రాలును. వెదురుకఱ్ఱలు పాతి కట్టినను, తీగ పంజరము నిలిపినను కాయలు మట్టి తగులక శుభ్రముగా ఉండును. వారమునకు సుమారు 2.5 సెంటీమీటర్ల వానపాటి నీరు కావలెను. మొదళ్ళలో ఎండుగడ్డి పరచినచో తడి నిలుచును. ఎండ 35 డిగ్రీలను దాటి దినముల తరబడి కాసినచో పూత రాలుట కలదు. అపుడు జంట మొక్కలున్నను కాయ పట్టదు. చల్లబడిన పిమ్మట మరల పట్టును గనుక తొందరపడి పెరికివేయరాదు.

వంగ, టమాటా, బంగాళాదుంపల కుటుంబమే దీనిదియు. గడచిన రెండు మూడేండ్లలో అవి పెరిగిన మడిలో దీనిని నాటకుండుట మేలు. ఆ నేలలో నిలిచిన తెగుళ్ళు దీనికిని సోకును. పురుగులలో ముఖ్యమైనది పసుపు రంగు వీపుపై మూడు నల్లని చారలుగల ఒక పెంకుపురుగు. అది ఆకు అడుగున పసుపుపచ్చని గ్రుడ్లను గుంపుగా పెట్టును. వారమునకు రెండుమార్లు ఆకులు త్రిప్పి చూచి, గ్రుడ్లను చిదిమి, పురుగులను ఏరి సబ్బునీటిలో వేసినచో ఇంటితోటకు వేరు మందు అక్కరలేదు. లేతమొక్కల ఆకులకు సన్నని తూట్లు పొడిచెడి పురుగులును కలవు. వాటినుండి కాపాడుటకు పలుచని గుడ్డ కప్పవచ్చును. కాని పూత మొదలైన దినమున ఆ గుడ్డను తీసివేయవలెను. ఈ పంటకు పుప్పొడిని మోసెడివి తేనెటీగలు, తుమ్మెదలు. వాటికి దారి మూసినచో జంట మొక్కలును ఒంటి మొక్కతో సమానమే. పూతకాలమున పురుగుమందు చల్లరాదనుటయు ఇందుకొరకే.

పూవు ఫలించిన తరువాత జరుగు వింతను పిల్లలకు చూపదగును. పూరేకులు రాలిపోవును గాని, వాటి క్రిందనున్న రక్షకపత్రములు ఎండిపోక కలిసి పెరిగి, బుడ్డవలె ఉబ్బి, నడుమనున్న పిందెను కప్పివేయును. మొదట తొడుగు పెద్దది, లోపలి పిందె చిన్నది. నొక్కి చూచినచో గాలి తప్ప ఏమియు తగులదు. కొత్తవారు ఖాళీ తొడుగులను చూచి దిగులు పడుదురు. తొందరపడనక్కరలేదు. పిందె మెల్లగా పెరిగి ఆ గది నంతను నింపును. నాటిన దినమునుండి మొదటి కోతకు రెండు నెలలు మొదలు మూడు నెలలవరకు పట్టును. కొన్ని తొడుగులు చివరవరకు ఖాళీగా మిగిలిపోవుటయు కలదు. పుప్పొడి సరిగా అందలేదని దాని అర్థము.

ఎపుడు కోయవలెను? ఇచట టమాటా అలవాటు మనలను మోసగించును. రంగు మారువరకు ఆగినచో రుచి పోవును. తొడుగును వ్రేళ్ళతో మెల్లగా నొక్కవలెను. లోపల ఖాళీ తగిలినచో విడిచిపెట్టవలెను. కాయ తొడుగునిండ బిగిసి, తొడుగు పచ్చదనము తగ్గి కాగితమువలె ఎండి, అడుగున చీలనారంభించినచో అదియే కోతకు అదను. అపుడు కాయ ఇంకను పచ్చగా, గట్టిగా ఉండవలెను. పసుపుపచ్చగా మారినచో పులుపు తగ్గి చప్పబడును. కొంచెము తీపి పుట్టును గాని పచ్చడికి పనికిరాదు. ఊదారంగు కాయలు కాచు రకములును కలవు. వాటికి ఆ రంగే సహజము. పక్వమైన కాయలు కొన్ని తమంత తామే నేల రాలును. తొడుగు చెడనిచో వాటిని ఏరుకొని వాడుకొనవచ్చును. మూడు నాలుగు దినములకొకమారు కోయుచుండినచో మంచు పడువరకు కాపు సాగును. బాగుగా పెరిగిన మొక్క ఆ కాలమున ఇంచుమించు ఒక కిలో కాయ ఇచ్చును. రేపు మంచు పడునని తెలిసినచో మొక్కను వేళ్ళతో పెరికి, చల్లని కొట్టులో తలక్రిందుగా వ్రేలాడగట్టవలెను. దానిమీది ముదిరిన కాయలు కొన్ని దినములు చెడక నిలుచును.

కోసిన కాయలకు తొడుగును వెంటనే తీయరాదు. తొడుగుతోనే కాగితపు సంచిలో వేసి శీతలపు పెట్టెలో ఉంచినచో రెండు మూడు వారములు నిలువయుండును. వాడునపుడు తొడుగు వొలువగా కాయ చేతికి బంకబంకగా తగులును. అది చెడిన గుర్తు కాదు. కొంచెము చేదైన ఆ జిగురును గోరువెచ్చని నీటితో కడిగివేయవలెను. ఆకులు, కాడలు, తొడుగులు తినదగినవి కావు. ఇండ్లలో చిన్న పిల్లలున్నవారు ఈ సంగతి మరువరాదు. 100 గ్రాముల కాయలో సుమారు 12 మిల్లీగ్రాముల సి విటమిను, 270 మిల్లీగ్రాముల పొటాషియము, దాదాపు 2 గ్రాముల పీచు ఉండును. శక్తి 32 కేలరీలు మాత్రమే.

మెక్సికో వంటింటిలో ఈ కాయతో చేయు ముఖ్యమైన పదార్థము సాల్సా వెర్దె, అనగా పచ్చని పచ్చడి. కాయలను నీటిలో ఉడికించిగాని, కోమాల్ అను పెనముమీద మచ్చలు పడువరకు కాల్చిగాని, పచ్చిమిరపకాయలు, వెల్లుల్లి, ఉల్లి, కొత్తిమీర చేర్చి నూరుదురు. నూరుటకు మూడు కాళ్ళ నల్లరాతి రోలు కలదు. దాని పేరు మోల్కహేతె. అగ్నిపర్వతపు శిలతో చెక్కిన ఆ రోటిని ప్రక్కింటి ఆవిడ వంటింటిలో చూచినపుడు నాకు మా పుట్టింటి రోలు జ్ఞప్తికి వచ్చినది. ఇంగువ పోపు లేదు, మెంతి లేదు. తక్కినదంతయు మన రోటిపచ్చడియే. ఈ కాయలో పెక్టిన్ అను పదార్థము ఉండుటచే చల్లారిన పచ్చడి కొంచెము గడ్డకట్టినట్లు కనబడును. కలిపినచో మరల జారుగా వచ్చును.

మా పెరటిలో మొదటి కోత సెప్టెంబరు రెండవ వారాంతమున అయినది. ఇరువదిమూడు కాయలు. వాటిని నాలుగేసి ముక్కలుగా తరిగి, నూనెలో మగ్గించి, ఎండుమిరపకాయలు, మెంతులు, ఆవాలు వేయించి నూరితిని. చింతపండు వేయనక్కరలేకపోయినది. "రేపు పప్పులో కూడా వేద్దాం అత్తయ్యగారూ" అని, మొక్కను పీకుదమన్న మా అల్లుడే మారు వడ్డించుకొన్నాడు. ప్రక్కింటికి ఒక గిన్నెడు పచ్చడి పంపితిమి. మరునాడు ఆ గిన్నె ఆవిడ చేసిన సాల్సాతో నిండి తిరిగివచ్చినది.

గింజలు దాచుకొనదలచువారు ఒక మాట గుర్తుంచుకొనవలెను. కనీసము నాలుగైదు మొక్కలనుండి పండ్లు తీసికొనవలెను. ఒకే మొక్క గింజలన్నియు ఒకే తల్లి బిడ్డలు గనుక కొన్ని తరములలో వాటిలో వైవిధ్యము తరిగిపోవును. పండ్లను పూర్తిగా మిగుల పండనిచ్చి, నీటిలో పిసికి కలియబెట్టినచో గుజ్జు తేలి, మంచి గింజలు అడుగునకు చేరును. వాటిని కడిగి నీడలో ఆరబెట్టి, కాగితపు పొట్లములో నుంచవలెను. రాలిన పండ్లనుండి మరుసటి యేడు తోటలో దానంత అదే నారు మొలచుటయు కలదు. వాటిలో కావలసినవి ఉంచుకొని మిగిలినవి తీసివేయవలెను. లేనిచో తోటను ఆక్రమించును.

తిరిగి వచ్చునపుడు ఒక పొట్లము గింజలు తెచ్చుకొనవలెనని నాకును ఆశ పుట్టినది. కాని విదేశపు గింజలను, మొక్కలను అనుమతి పత్రములు లేక తెచ్చుట మన దేశపు 2003 నాటి మొక్కల క్వారంటైన్ ఉత్తరువు ప్రకారము నిషిద్ధము. కంటికి కనబడని తెగులు ఒక్క గింజతో వచ్చి ఊరి పంటనంతయు చెఱచవచ్చును. కావున ఆ పొట్లమును మా అమ్మాయి వంటింటి సొరుగులోనే ఉంచి వచ్చితిని.

ఆ మరుసటి వేసవి మా అమ్మాయి ఆ గింజలనే చల్లినది. జూన్ నెలలో ఒకనాడు ఫోనులో, "అమ్మా, ఈసారి నాలుగు మొక్కలు, నాలుగూ గింజ మొక్కలే. తుమ్మెదలు తిరుగుతున్నాయి" అన్నది. మా అల్లుడు మెంతికూరకు వేరే మడి చేసినాడట.